నీళ్లు ఎక్కడుంటే గంటు అక్కడ

అనగనగా ఒక మడ అడవి. ఏరు వెళ్లి సముద్రంలో కలిసే చోట, సగం నేల, సగం నీళ్లుగా ఉండేది. రోజుకి రెండుసార్లు పోటు వచ్చి అడవిని తడిపేది. మళ్లీ ఆటు వచ్చి నీళ్లు వెనక్కి లాక్కుపోయేది. అడవి మధ్యలో గుల్లలు పేరుకుని రాయిలా గట్టిపడిన దిబ్బ ఒకటి ఉంది. దాని పక్కల్లో బొరియలు తవ్వుకుని జంతువులు పిల్లల్ని పెంచుకునేవి.

ఆ దిబ్బ కింద ఒక ముసలి పీత ఉండేవాడు. ఆయన అసలు పేరు అందరూ మరిచిపోయారు. గంట్లయ్య అని పిలిచేవారు. ఏటా భాద్రపద అమావాస్యకి పెద్ద పోటు వస్తుంది. ఆ నీళ్లు ఎంత ఎత్తు వచ్చాయో చూసి, కాలువ ఒడ్డున ఉన్న మడచెట్టు మీద పెద్ద కాలితో ఒక గంటు కొట్టేవాడు. మొదటి గంటు మీద పదేళ్లకి పది గంట్లు. మనకి జానెడు, మూరెడు ఉన్నట్టే ఆయనకి కాలెడు కొలత.

ఒక ఏడు పోటు సన్నగా వచ్చింది. గంటు కిందటేటి కంటే కిందికి పడింది. "కాస్త పైన కొట్టెయ్ తాతా, వరస అందంగా ఉంటుంది" అన్నారు ఎవరో.

"నీళ్లు ఎక్కడుంటే గంటు అక్కడ" అన్నాడు గంట్లయ్య. అదీ ఆయన మొండితనం.

ఈ ఏడు శ్రావణం వెళ్తుండగా ఆయన గంట్లన్నీ ఒకసారి కొలిచి చూసుకున్నాడు. వెంటనే అందర్నీ దిబ్బ మీదికి పిలిచాడు.

"నీళ్లు ఏడాదికి నాలుగు కాళ్ల ఎత్తు చొప్పున పెరుగుతున్నాయి. పోయినేడు మన బొరియల గుమ్మానికి కాలెడు కిందే ఆగాయి. నీళ్లు ఆగిన చోటు నుంచి దిబ్బ నెత్తి మూడు కాళ్ల ఎత్తు. అంటే ఈ భాద్రపద అమావాస్యకి దిబ్బంతా మునుగుతుంది. పిల్లల్ని తీసుకుని సరుగుడు మెట్టకి వెళ్లిపోవాలి" అన్నాడు.

సరుగుడు మెట్ట అంటే పక్కనే అనుకునేరు. ఒక పూట నడక. దారంతా బట్టబయలు బురద. పైన గద్దలు, కింద నక్కలు.

ముందుగా బావురుపిల్లి గవర్రాజు ఆవులించాడు. దిబ్బకి ఎండతగిలే పక్కన చక్కటి గుహ ఆయనది. "నీళ్లు ఊరికే ఎందుకు పెరుగుతాయోయ్?" అని అడిగాడు.

చలిదేశం నుంచి అప్పుడే వచ్చి వాలిన ఉల్లంకి పిట్ట జవాబు చెప్పింది. "నేను పుట్టిన చోట మంచు కొండలున్నాయండి. ఏటా వెళ్లేసరికి మంచు ఇంకాస్త వెనక్కి పోయి ఉంటోంది. మనుషులు నేలలోంచి తవ్విందల్లా తగలబెడుతున్నారు కదా, ఆ పొగ దుప్పటిలా కప్పేసి లోకం వేడెక్కిపోతోంది. కరిగిన మంచు సముద్రంలోకి కాక ఎక్కడికి పోతుంది?"

"వేడెక్కడమా! నిన్న ముసురుకి నాకు వణుకొచ్చింది" అన్నాడు గవర్రాజు.

"ఒక్కపూట ముసురు వేరండి, పదేళ్ల లెక్క వేరు" అన్నాడు గంట్లయ్య.

"మా తాతల నాడూ పెద్ద పోటు వచ్చిందట. పోయిందట."

"వచ్చింది, పోయింది. మరుసటి ఏడు కిందికే దిగింది. ఇప్పుడు ఒక్క ఏడు తప్ప, ఏటికేడు పైకే జరుగుతోంది. అదే నా బాధ."

గవర్రాజు మీసాలు నాక్కున్నాడు. అప్పుడు నూకాలు లేచింది. నూకాలు నీటికుక్క. ఆమెకి నాలుగు పిల్లలు, పుట్టి వారమైంది. ఇంకా కళ్లు తెరవలేదు.

"తాతా, ఒక్క మాట. నీ చెట్టు ఉన్నది కాలువ ఒడ్డు మెత్త బురదలో. నీళ్లు పెరుగుతున్నాయా, చెట్టే బురదలోకి దిగిపోతోందా? చెట్టు దిగినా గంటు పైకి పోయినట్టే కనపడుతుంది కదా."

గంట్లయ్యకి ఒళ్లు మండిపోయింది. "పదేళ్లుగా కొలుస్తున్నవాణ్ని నేను. నిన్నగాక మొన్న వచ్చి నాకు చెబుతున్నావా?"

"కోప్పడకు తాతా. నలుగుర్నీ నోట కరుచుకుని ఆ బురద దాటాలంటే నాలుగుసార్లు వెళ్లి రావాలి. ఒక్కదాన్ని మోస్తుంటే మిగతావాళ్లని ఎవరు చూస్తారు? నీ లెక్క నిజమైతే వెళ్తాను. తప్పైతే నా పిల్లల్ని నేనే గద్దలకి వేసినదాన్నవుతాను."

గంట్లయ్య ఉల్లంకి వైపు చూశాడు, సాయం వస్తుందేమోనని. "మంచు సంగతి నాకు తెలుసు. మీ చెట్టు సంగతి తెలీదు" అంది ఉల్లంకి. ఉన్న మాట చెప్పింది, పాపం.

మర్నాడు పొద్దున్నే గంట్లయ్య ఏటి మొగ దగ్గరున్న పాత లైట్‌హౌసుకి బయలుదేరాడు. అది రాతి పునాది మీద కట్టింది. బురదలోకి దిగదు. చెట్టు మీద మొదటి గంటు కొట్టిన రోజునే, కుర్రతనం కొద్దీ, ఆ సున్నపు గోడ మీద కూడా నీళ్లు వచ్చిన ఎత్తులో ఒక గీత గీశాడు. ఆ సంగతి ఇన్నాళ్లకి గుర్తొచ్చింది. నూకాలుకి నోట మాట రాకుండా చేయాలని గబగబా నడిచాడు.

గీత ఉంది. దాని పైన పోయినేటి పెద్ద పోటు వదిలిన నాచు చార కూడా ఉంది. గంట్లయ్య కాలు మడిచి, చాచి కొలిచాడు. ఒకసారి. రెండుసార్లు. మూడుసార్లు. ఎన్నిసార్లు కొలిచినా ఇరవయ్యే వచ్చింది.

చెట్టు మీద నలభై, గోడ మీద ఇరవై! సగం పెరిగింది నీళ్లు. సగం దిగింది చెట్టు.

గంట్లయ్య అక్కడే కూలబడ్డాడు. పదేళ్ల పరువు. ఇప్పుడు వెళ్లి సగం తప్పని చెబితే గవర్రాజు ఊరుకుంటాడా? ఇంత సున్నం గీకేస్తే గీత పోతుంది. దాని సంగతి తను తప్ప ఎవరికీ తెలీదు. పెద్ద కాలు పైకెత్తాడు కూడా.

అప్పుడు సన్నపోటు వచ్చిన ఏడు గుర్తొచ్చింది. ఆ రోజు కాలెడు దూరం జరపనివాడు ఈ రోజు గీతనే చెరిపేస్తాడా? సిగ్గేసింది. కాలు దించేసి ఇంటిదారి పట్టాడు.

"నా లెక్క తప్పు" అని దిబ్బ మీద అందరి ముందూ చెప్పాడు. "నూకాలు అన్నది నిజమే. చెట్టు దిగుతోంది."

"చూశారా! నేను ముందే చెప్పాను, అంతా ఉత్తిదేనని" అన్నాడు గవర్రాజు. కొందరు నవ్వారు. గంట్లయ్యకి తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. అయినా నవ్వులు ఆగేదాకా నిలబడ్డాడు.

"సగం తప్పండి, మొత్తం కాదు. ఏడాదికి నాలుగు కాదు, రెండు కాళ్ల ఎత్తు పెరుగుతున్నాయి. దిబ్బ నెత్తి మునగదు. కాని బొరియల్లోకి నీళ్లొస్తాయి. మెట్టకి పోనక్కర్లేదు. పిల్లల్ని దిబ్బ నెత్తికి చేర్చుకుంటే చాలు."

నూకాలు తన బొరియ నుంచి దిబ్బ నెత్తికి ఎంత దూరమో చూసుకుంది. "ఇరవై అడుగుల నడక. అది నేను చేయగలను తాతా" అంది.

ఆ సాయంత్రమే ఆమె దిబ్బ నెత్తిన గడ్డి పరిచి, పిల్లల్ని ఒక్కొక్కటిగా తెచ్చి పడుకోబెట్టింది. ఆమెని చూసి మిగతా తల్లులూ అదే పని చేశారు. గవర్రాజు మాత్రం తన గుహలోనే వెల్లకిలా పడుకున్నాడు.

భాద్రపద అమావాస్య వచ్చింది. పొద్దెక్కేసరికి పోటు మొదలైంది. నీళ్లు కాలువ నింపాయి, దిబ్బ పాదం తాకాయి, బొరియల గుమ్మాలు దాటి లోపలికి దూరాయి. ఖాళీ బొరియలు బుడబుడమన్నాయి. ఇంకాస్త పైకి వచ్చి, దిబ్బ నెత్తికి కాలెడు కింద ఆగాయి. నూకాలు పిల్లలు ఆ హోరులో కూడా నిద్రపోతూనే ఉన్నాయి.

గవర్రాజు తోక నుంచి నీళ్లు కారుతుండగా పైకెక్కి వచ్చాడు. ఒక తుమ్ము తుమ్మి, "జరగండి, కాస్త చోటివ్వండి" అన్నాడు. అందరూ జరిగి చోటిచ్చారు.

నూకాలు గంట్లయ్య పక్కకి వచ్చి కూర్చుంది. "తాతా, నాలుగు అన్న రోజున నిన్ను నమ్మలేదు. రెండు అన్న రోజున నమ్మాను" అంది.

గంట్లయ్య కళ్లు చెమ్మగిల్లాయి. "ఈసారికి గట్టెక్కాం అమ్మా. నీటి గీత మాత్రం పైకే పోతోంది. నీ పిల్లలకి కాళ్లొచ్చాక మెట్టకి దారి చూసుకోవాలి."

"చూద్దాం. ముందు గంటు కొట్టు, ఇంకాసేపట్లో నీళ్లు దిగిపోతాయి. గోడ మీద నాచు చార ఉంటుంది, దాన్ని రేపు కొలుచుకోవచ్చు. చెట్టు మీద ఇప్పుడే కొట్టు. అదెంత దిగిందో కూడా తెలియాలి కదా."

గంట్లయ్య ఈదుకుంటూ వెళ్లి చెట్టెక్కాడు. నీళ్లు ఎక్కడున్నాయో అక్కడే గంటు కొట్టాడు.

నీతి: నిజాన్ని పెంచి చెప్పకూడదు, తుంచి చెప్పకూడదు. తన తప్పు తానే దిద్దుకున్నవాడి మాట పదిమందిని గట్టెక్కిస్తుంది.