శాస్త్రిగారి తలపాగా మీద ఏముంది?

శివయ్య సాక్షిగా చెబుతున్నాను, నవ్వు ఆపుకొని వినండి తల్లులారా! ఒక రాజుగారి కొలువులో విశ్వపతిశాస్త్రి అనే పండితుడు, ఏ మాటైనా దాని పుట్టుక తెలిసినవాళ్లే పలకాలని శాసనం చేయించాడు. కోట ఊడ్చే ఎరకమ్మ "చీపురు" అంటుండగా పట్టుకొని సభకు ఈడ్పించాడు.

"ఆ మాట ఎలా పుట్టిందో చెప్పు. లేదా పని మానేసి పో!"

ఎరకమ్మ ఆయన నెత్తివైపే చూస్తూ నిలబడింది. "అయ్యగారూ, మీ తలపాగా మీద ఒకటుందండీ. పేరు చెబుదామంటే, దాని పుట్టుక నాకు తెలీదు."

"తేలా? జెర్రా?" శాస్త్రి గంతులేశాడు.

"ఎట్టా చెప్పేది సామీ, శాసనం ఉందిగా!"

"పుట్టుక గంగలో కలవనీ, ముందు పేరు చెప్పవే!"

రాజుగారు పగలబడి నవ్వారు. "విన్నాం శాస్త్రీ, నీ శాసనం రద్దు! ఎరకమ్మా, నీ పని నీదే. ఇక చెప్పు."

"సన్నజాజి పువ్వండీ. పొద్దున పూజలో అయ్యగారు పెట్టుకున్నదే!"