టస్సాక్ గడ్డి మొవ్వు

"ఆ లిసాంద్రోని ఈ పడవకే పంపించేయండి గురువుగారూ. ఇది పోతే చలికాలం వెళ్ళేదాకా మరో పడవ రాదు," అన్నాడు ఫాబియాన్.

దక్షిణాన, మంచు సముద్రం అంచున ఉన్న దీవిలో చిన్న మఠం వాళ్ళది. చెట్టన్నది లేదు. ఎటు చూసినా మనిషెత్తు టస్సాక్ గడ్డి దుబ్బులే. చలికాలమంతా మఠం ఆవులకు అదే మేత. దుబ్బు నడుమ ఉండే తెల్లటి మొవ్వు తియ్యగా ఉంటుంది. పీకితే గడ్డి చస్తుందని మఠంలో ఎవరూ దాని జోలికి పోరు.

లిసాంద్రో కొత్త శిష్యుడు. సీల్ జంతువుల వేట మానుకుని వచ్చినవాడు. ఇక్కడ కాదంటే మళ్ళీ ఆ వేట ఓడే గతి. అతనొచ్చాకే కొండమీది దుబ్బులు చావడం మొదలైంది.

"తింటుంటే చూశావా?" అడిగాడు గురువు అన్సెల్మో.

"లేదు. కానీ మొవ్వు మాటెత్తితే చాలు, తల దించుకుంటాడు. గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు."

"కాపలా ఎవరు?"

"నేనే, అతనొచ్చిన రోజు నుంచీ. పొద్దునా సాయంత్రం దుబ్బుల మీది ఎండుటాకులు పక్కకు లాగి, మొవ్వు ఉందో లేదో ప్రతి దుబ్బులోనూ చూస్తున్నాను."

"ఎన్ని పోయాయి?"

ఫాబియాన్ నసిగాడు. "పోలేదు. ఉన్నచోటే నల్లబడుతున్నాయి. తినడానికి భయపడి ఏదో చల్లుతున్నాడు!"

అనుమానం పెనుభూతం అని ఊరికే అనలేదు పెద్దలు.

గురువు ఫాబియాన్‌ని కొండమీదికి తీసుకెళ్ళాడు. ఉప్పుగాలి ఈడ్చి కొడుతోంది. గురువు ఉన్నట్టుండి ఫాబియాన్ కోటు గుండీలు విప్పి, లోపలికి తొంగిచూసి, అలాగే వదిలేశాడు. ఫాబియాన్ బిత్తరపోయి గుండీలు పెట్టుకున్నాడు. నాలుగడుగులు వేశాక గురువు మళ్ళీ విప్పాడు. ఆ తర్వాత మళ్ళీ.

ఫాబియాన్ పళ్ళు టకటకలాడాయి. "ఏమిటిది గురువుగారూ? చలికి చచ్చిపోతున్నాను!"

"నీ ప్రాణం ఎవరైనా ఎత్తుకుపోయారేమోనని చూస్తున్నాను నాయనా."

ఫాబియాన్‌కి కోపం వచ్చింది. ఏదో అనబోయి, కాళ్ళ దగ్గరున్న దుబ్బును చూశాడు. పొద్దున తను లాగేసిన ఎండుటాకులు పక్కన పడున్నాయి. కప్పు లేని మొవ్వు మీదికి ఉప్పుగాలి నేరుగా కొడుతోంది; దాని అంచులు అప్పుడే నల్లబడ్డాయి. సిగ్గుతో అతని మొహం కందిపోయింది.

కింద ఒడ్డు నుంచి పడవవాడు కేకేశాడు. "ఎవరో వస్తారన్నారు! బయల్దేరాడా అయ్యా?"

గురువు ఫాబియాన్ వైపు చూస్తూ నిలబడ్డాడు.

"ఎవరూ రావడం లేదు!" అని అరిచాడు ఫాబియాన్.

కోటు గుండీలు పెట్టుకోకుండానే మోకాళ్ళ మీద కూర్చుని, ఎండుటాకులు ఏరి మొవ్వు మీద కప్పసాగాడు.