తీతువు చూపు

వేరుశెనగ చేను గట్టు మీది పొదలో మంగాయి అనే ముసలి కుందేలు ఒంటరిగా ఉండేది. మహా నిక్కచ్చి. గడ్డి పరకైనా కడిగినట్టుంటేనే ముట్టేది. దానికున్న దిగులల్లా ఒకటే, ఎవరో తనను చూస్తున్నారని.

ఎవరో ఏమిటి, తీతువు పిట్టే. చేను మధ్య రాళ్ళలో గుడ్లు పెట్టుకుని కూర్చునేది. తెల్లవారి మంగాయి తల బయటపెట్టడం ఆలస్యం, పైకి లేచి గోల పెట్టేది.

"ఏమే, నేను బయటికొస్తే ఊరంతా చాటాలా? అసలే నీది అపశకునపు గొంతు."

"నిన్ను చూసి కాదు వదినా. నీ వెనక..."

"నా వెనక సంగతి నీకెందుకు?"

అంతే. ఆనాటి నుంచి ఇద్దరికీ మాటల్లేవు.

ఇదంతా గట్టు అవతలి నక్క వింది. పిట్ట అరిచిన ప్రతిసారీ నోటిదాకా వచ్చిన కూడు పోగొట్టుకుంటున్నది అదే. ఒక సాయంత్రం ముళ్ళకంచె అవతల నిలబడి పిలిచింది.

"పిన్నీ, నువ్వెప్పుడు లేస్తావో, ఎటు పోతావో ఆ పిట్ట మంచె కింది కుక్కలకి చెబుతోంది."

"నేననుకుంటూనే ఉన్నా. అయినా నువ్వూ నన్ను చూస్తూనే ఉన్నావు గదరా?"

"పళ్ళూడినవాణ్ణి, చూసి ఏం చేసుకుంటాను పిన్నీ? వాగు అవతల తుమ్మపొద ఉంది. అక్కడ నీ మీద ఒక్క కన్ను పడదు."

అనుమానానికి సాక్షి దొరికితే ఎంత తృప్తో, ఆ సాక్షి నక్కయినా సరే. మర్నాడే మంగాయి వెళ్ళిపోయింది. పోతూ పిట్ట వంక చూడనైనా లేదు.

మొదటి రోజు హాయిగా తిన్నది. రెండో రోజు నములుతూ నములుతూ ఆగి చెవులు నిక్కించింది. ఎక్కడా చప్పుడు లేదు. గడ్డి ఎందుకో సహించలేదు. మూడో రోజు పొద్దున్నే తల బయటపెట్టి, అలవాటు కొద్దీ అరుపు కోసం ఆగింది.

అరుపు రాలేదు. నక్క వచ్చింది. దాని నోట్లో పళ్ళన్నీ ఉన్నాయి.

మంగాయి చెవి కొస దాని నోట్లోనే వదిలేసి, వాగు దాటి చేను దాకా ఒకటే పరుగు. తీతువు చూసింది. గొంతు చించుకుని అరిచింది. మంచె కింది కుక్కలు లేచాయి. నక్క ఆ చెవి ముక్కతో సరిపెట్టుకుని పారిపోయింది.

"వదినా," అంది మంగాయి రొప్పుతూ, "రోజూ నువ్వరిచింది దాన్ని చూసేనా?"

పిట్ట గుడ్లు సర్దుకుంది. ఆ రోజే కాదు, మళ్ళీ ఎన్నడూ పలకలేదు. అరవడం మాత్రం మానలేదు. అరుపు వినపడగానే మంగాయి తన పాత పొదలోనే ఆగిపోయి, "అలాగే వదినా" అని తనకు తానే చెప్పుకునేది.

మనల్ని చూసే కళ్ళన్నీ కీడు కోరవు. ఎందుకు చూస్తున్నావని అడిగాక, జవాబు చివరిదాకా వినాలి.