నూట నలభై నాలుగు రాళ్ళ కళ్ళం

ఊళ్ళో ఎవరింట్లో ఏది తక్కువైనా ఓబులేసు ఇంట్లో తెలివి మాత్రం తక్కువ కాలేదు. ఈ మాట ఊరు చెప్పింది కాదు, ఓబులేసే చెప్పుకునేవాడు. "మనింట్లో ఉండే తెలివి ఇంకో ఇంట్లో ఉంటే బరువాపలేక పైకప్పు కూలిపోతాది" అనేవాడు రోజూ సంగటి ముందు కూచుని. తమ్ముళ్ళు సుంకన్న, మద్దిలేటి తలెత్తి చూసి, కప్పు ఇంకా ఉందని తేల్చుకున్నాకే ముద్ద ముట్టేవాళ్ళు.

ఆ ఏడు వాళ్ళకు పసుపు విరగపండింది. ఉడకబెట్టిన కొమ్ములు బాగా ఎండాలి. తడిశాయంటే బూజు పట్టి ఏడాది కష్టం గంగపాలు. ఎండబెట్టే కళ్ళమేమో చిన్నది. ఇటు పది నాపరాళ్ళు, అటు పది, మొత్తం నూరు.

"ఇది చాలదు. ఇటు పన్నెండు, అటు పన్నెండు ఉండాల" అంది ఓబులేసు పెళ్ళాం కదిరమ్మ.

ఓబులేసు కళ్ళు మూసుకుని లెక్క కట్టాడు. "పదికి పది, నూరు మనకుండాయి. పెరగాల్సింది రెండు. రెండుకు రెండు నాలుగు. నాలుగు రాళ్ళు తెస్తే సరి."

అంతే, నాలుగు రాళ్ళు తెచ్చి కళ్ళం ఈశాన్యం మూలకు మూల ఆనేలా బయట పరిచారు. సుంకన్న తాడు పట్టి కొలిచాడు. ఈ చివర నుంచి ఆ చివరకు ఎటు చూసినా పన్నెండే. కానీ పసుపు పోస్తే పొర్లి మట్టిలో పడింది.

"పాపం, పసుపుకు లెక్కలు రావన్నా" అన్నాడు మద్దిలేటి.

అటుగా పోతున్న రాళ్ళ మేస్త్రీ మస్తాన్ సాయబు ఆగి చూశాడు. "పెద్ద చదరం పెట్టినారు, బుల్లి చదరం పెట్టినారు. నడుమ రెండు పట్టీలు యాడ పోయినాయి అల్లుడూ? పది రాళ్ళ పొడుగు, రెండు రాళ్ళ వెడల్పు, ఇరవై. తూర్పున ఒకసారి, ఉత్తరాన ఒకసారి. ఇరవై రాళ్ళు రెండు సార్లు పరిస్తేనే చదరం నిండేది."

ఇంకేముంది, ఇరవై రాళ్ళు తెచ్చారు. పొద్దున తూర్పున పరిచారు. మధ్యాహ్నం పసుపు ఎత్తి, రాళ్ళు పీకి, ఉత్తరాన పరిచారు. అది రెండోసారి. మూడు రోజులు ఇదే పని. నడుములు విరిగాయి గానీ పసుపు ఎండలేదు. ఎండే తీరిక దానికెక్కడిది?

"ఇంకో ఇరవై తెద్దామా?" అంది కదిరమ్మ.

"రెండు పట్టీలూ ఒకటే కొలత అయినప్పుడు రెండెందుకే? కాలికో చెప్పు కావాలని ఎవరన్నారు, మార్చి మార్చి తొడుక్కోరాదా?" అన్నాడు ఓబులేసు. ఆ మర్నాడు సుంకన్న ఒంటి చెప్పుతో చేలోకి పోయి ముల్లు గుచ్చుకుని వచ్చాడు.

ఇది చూసి మస్తాన్ తల పట్టుకున్నాడు. తన బండి మీద తనే ఇంకో ఇరవై రాళ్ళు తెచ్చి పరిచాడు. నూరు, ఇరవై, ఇరవై, నాలుగు. కళ్ళం నిండు చదరమైంది, పసుపంతా పట్టింది. ఓబులేసుకు సంతోషంతో కళ్ళు చెమ్మగిల్లాయి.

సరిగ్గా అప్పుడే పడమట మబ్బు కమ్మింది. మస్తాన్ వానకు కప్పే తన కొత్త పట్టా తెచ్చిచ్చాడు. ఇటు పన్నెండు రాళ్ళు, అటు పన్నెండు రాళ్ళు, కొలిచి కుట్టించినట్టుంది. "గబగబా కప్పండి, ఎద్దుల్ని కట్టేసి వస్తా" అని వెళ్ళాడు.

ఓబులేసు పట్టా వంక అనుమానంగా చూశాడు. "కళ్ళం నాలుగు ముక్కలు. ఇదేమో ఒకటే ముక్క. ఎట్లా సరిపోతాదే?"

అంతే, కదిరమ్మ కొడవలి తెచ్చింది. పట్టాను నూరు రాళ్ళ ముక్క, ఇరవై రాళ్ళవి రెండు, నాలుగు రాళ్ళ ముక్కగా కోసి, దేని మీద దాన్ని పొందికగా కప్పారు. చినుకులు మొదలయ్యాయి. నీళ్ళు చీలికల్లోంచి దిగబోయాయి. ఇంకేముంది, నలుగురూ చీలికల వెంబడి చేతులు బారచాపి బోర్లా పడుకున్నారు. చాలని చోట కదిరమ్మ కొప్పు విప్పి జుట్టు పరిచింది.

వాన ఆగింది. ఒక్క కొమ్ము తడవలేదు. నలుగురూ నీళ్ళోడుతూ లేచి నవ్వుకుంటుండగా మస్తాన్ వచ్చాడు.

"నా పట్టా కోసినారా!"

ఓబులేసుకు మనసు చివుక్కుమంది. "కోస్తే తగ్గుతాదా మామా? నీ సొత్తు నీకు లెక్కప్రకారం అప్పజెప్తా, చూసుకో." పెద్ద ముక్క ఎత్తి మడత పెట్టాడు. "నూరు."

"మబ్బు ఇంకా పోలేదురా, ముందు కప్పు నాయనా" అన్నాడు మస్తాన్.

"లెక్క నడుమ పలకరించొద్దు మామా." తూర్పు పట్టీ ఎత్తాడు. "ఇరవై." ఉత్తరపు పట్టీ ఎత్తాడు. "ఇంకో ఇరవై."

కుండపోతగా వాన దిగింది. ఓబులేసు ఆ వానలోనే మూల ముక్క కూడా ఎత్తి, నాలుగూ మస్తాన్ చేతిలో పెట్టాడు. "నాలుగు. నూట నలభై నాలుగు. అణువంత తగ్గిందా?"

పసుపు నీళ్ళు కాళ్ళ కిందనుంచి కాలవ కట్టి పోతున్నాయి. ఓబులేసు కళ్ళం చుట్టూ తిరిగి, ఒక్కో రాయీ వంగి చూసి, తమ్ముళ్ళ భుజం తట్టాడు.

"చూసినార్రా? వాన కూడా నూట నలభై నాలుగు రాళ్ళ మీదా పడింది. మన కొలత అంత సరిగ్గా ఉండాది."