నుదుటి మీద నేరం

చెప్పండి, ఆ కొలువులో మీరేం చూశారు? నేను చూసింది చెబుతాను.

రాజు ఎత్తైన సింహాసనం మీద కూర్చునేవాడు. మనం తల వంచి, కళ్లు మాత్రం ఎత్తి ఆయన ముఖం చూడాలి. ఎవరి నుదుట ముడత ఆయన కంటపడితే వాడు రాజు మాట నమ్మనట్టే. వాడి నుదుట వాత పెట్టేవారు!

ఒంటిచేత్తో మూడు పులుల్ని చంపానని రాజు చెబుతుండగా మంగలి పెద్దోబులు దొరికిపోయాడు. భటులు కర్రు కాల్చారు.

"ముడత పడకుండా చూడటం నాకు చేతకాదు ప్రభూ. ఒక్కసారి చూపించండి, నేర్చుకుంటాను," అన్నాడు పెద్దోబులు.

"ఇదేం బ్రహ్మవిద్యరా!" అంటూ రాజు దిగివచ్చి తల వంచాడు. పెద్దోబులు తన అద్దం పైకెత్తి పట్టుకున్నాడు. రాజు కళ్లెత్తి చూశాడు. నుదుట నాలుగు ముడతలు!

"నుదుటి కండ ఎముకను కాదు, చర్మాన్ని పట్టుకుని ఉంటుంది ప్రభూ. చూపు పైకెత్తితే అది కనుబొమల్ని లాగుతుంది, చర్మం ముడత పడుతుంది. కాదంటారా? అయితే తమరి మాట తమరే నమ్మడం లేదన్నమాట!"

రాజు భటులకు సైగ చేశాడు. కర్రును నీళ్లలో ముంచారు.

అప్పటికే పదకొండు మందికి వాతలు పడ్డాయి. ప్రతిసారీ మనమంతా ముడతలు పడ్డ నుదుళ్లతో అక్కడే నిలబడ్డాం. ఒక్కరమైనా నోరెందుకు విప్పలేదు?