వెనకడుగు వేసిన కర్రి

గోదారి లంకలో మేసే గేదెల మందకు ఒక ఆచారం ఉంది. తోడేళ్లు వస్తే దూడల్ని నడుమ పెట్టుకుని, కొమ్ములు బయటికి చాచి గుండ్రంగా నిలబడతాయి. ఆ కట్టును పగలగొట్టి పేరు మోసినవాడు తోడేళ్ల సేనాపతి గండప్ప. వాడు మీద పడ్డట్టే పడి, బెదిరినట్టు పరుగు తీసేవాడు. పారిపోయేవాణ్ణి చూస్తే కర్రి అనే గేదెకు ఒళ్లు తెలియదు. అది తరుముతూ పోయేది, ఆ సందులోంచి మిగతా తోడేళ్లు చొరబడేవి. కిందటేడు అలాగే కర్రి సొంత దూడే పోయింది.

ఈ ఏడు కర్రికి మళ్లీ ఒక దూడ పుట్టింది. తోడేళ్లు పాయ దాటుతున్నాయని కొంగ చెప్పగానే కర్రి దూడను తన పొట్ట కిందికి నెట్టుకుంది. ఏం చేద్దామని మందపెద్ద పోలమ్మను అడిగింది.

పోలమ్మ తీరిగ్గా నెమరు వేసింది. "ఈసారి పారిపోయేది మనమే. నువ్వు నీ దూడతో నడుమ నిలబడు. వాళ్లు రాగానే మనం పొర్లే బురదగుంటలోకి వెనక్కి నడువు. మేం రెండు పక్కలా రెల్లులో ఉంటాం."

"నా బిడ్డను ఎర వేయమంటావా అత్తా?"

"నీ అంత కోపిష్టిది మందలో లేదే. నువ్వు వెనకడుగు వేస్తేనే వాడు నమ్ముతాడు."

గండప్ప వచ్చాడు, పళ్లు చూపించాడు. కర్రికి కొమ్ములు జిలపుట్టాయి. అయినా దూడను వెనక్కి నెడుతూ, ఏడుపు దిగమింగి బురదలోకి నడిచింది. ఇది మన ఎత్తులాగే ఉందని ముసలి తోడేలొకటి గొణిగింది.

గండప్ప నవ్వాడు. "గేదెలకు ఎత్తులు తెలిస్తే మనుషుల చేత పాలు పిండించుకుంటాయా? పదండి."

దండంతా గుంటలోకి దూకింది. గేదెలకు పరుపులాంటి ఆ బురద తోడేళ్లకు మొలలోతు వచ్చింది. కాళ్లు పీక్కునేలోగా రెల్లు రెండు పక్కలా చీలి కొమ్ములు దిగాయి. బతికినవి తోకలు ముడిచి పాయలో పడ్డాయి. సేనాపతి అయితే చెవులదాకా బురద పూసుకుని, ఈసారి నిజంగానే పారిపోతున్నాడు.

అలవాటు కొద్దీ కర్రి వాడి వెనక ఒక అడుగు వేసింది. అంతలోనే ఆగి, వెనక్కి తిరిగి దూడ ఒంటి మీది బురద నాకడం మొదలుపెట్టింది.

ఎదుటివాడికి తెలివి లేదనుకున్నవాడు, తాను తవ్విన గోతిని కూడా గుర్తుపట్టలేడు.