చదివేవాడి చాట

భూమేశ్‌కు మూడేళ్లుగా ఒకటే దిగులు, దర్శకుడు ఎప్పుడవుతానా అని. కోరుట్ల నుంచి ఉత్తర కేరళలోని కణ్ణూరు దాకా వచ్చి, మలయాళం నేర్చుకుని, చాతుకుట్టి మాష్ దగ్గర సహాయకుడిగా చేరాడు. మాష్ అంటే అక్కడ మాస్టారని. ఆయన తీసినవి తొమ్మిదే సినిమాలు. ఆ తొమ్మిది కథల్లో ఒక్కటీ కణ్ణూరు జిల్లా పొలిమేర దాటదు. అయినా దేశమంతా చూసింది.

మద్రాసు స్టూడియోల్లో తెలుగు సినిమాలకు పదేళ్లు ఎడిటింగు చేసిన మనిషి కనుక, మాష్ శిష్యుడితో తెలుగులోనే మాట్లాడేవాడు.

ఆ వానాకాలం భూమేశ్ తన మొదటి స్క్రిప్టు పూర్తి చేశాడు. శుక్రవారం కొచ్చి నుంచి నిర్మాత వస్తున్నాడు. "ఇది తియ్యొచ్చు" అని మాష్ ఒక్క మాట అంటే భూమేశ్ దర్శకుడు. అనకపోతే మళ్లీ క్లాపు బోర్డు పట్టుకుని నిలబడటమే.

అది అల్లాటప్పా స్క్రిప్టు కాదు. అతను చూసి మురిసిన మలయాళ సినిమాలన్నిటి సరుకూ అందులో ఉంది. పడవలు, ఏనుగు, మండువా లోగిలి, అరటాకుల్లో విందు, ఎడతెగని వాన. ఆ వానలోనే మంటల మధ్య తెయ్యం ఆట. మనిషి ఒంటి మీదికి దేవుడు దిగి ఆడేది తెయ్యం. కుండపోతలో మంటలెలా మండుతాయని మీరడగొచ్చు. భూమేశ్ తనను తాను అడగలేదు.

బుధవారం పొద్దున గురువు ఎదుట నిలబడ్డాడు.

"మాష్, సదివిన్రా? ఎట్లున్నది?"

"చదివానయ్యా. కాగితాలు తీసుకుని రా. బీడీ షెడ్డుకు పోదాం."

బీడీ అన్న మాట భూమేశ్‌కు పడదు. ఎందుకో ఎవరికీ చెప్పలేదు. మీ అమ్మ ఏం చేస్తుందని యూనిట్లో ఎవరైనా అడిగితే "ఇంటికాడనే ఉంటది" అని తప్పించుకునేవాడు. అది అబద్ధమూ కాదు, నిజమూ కాదు.

షెడ్డులో నలభై మంది బారులు తీరి కూర్చుని బీడీలు చుడుతున్నారు. ఒక్కొక్కరి ఒళ్లో ఒక్కో చాట. పొగాకు ఘాటు ముక్కుకు తగలగానే భూమేశ్‌కు వెనక్కి తిరిగిపోవాలనిపించింది. మధ్యలో ఎత్తు పీట మీద ఒకావిడ కూర్చుని పేపరు చదువుతోంది. అందరూ వింటున్నారు.

ఆవిడ పేరు జానకి. షెడ్డంతా ఏచ్చి అని పిలుస్తారు. అక్కా అన్నట్టు.

"ఇక్కడ రోజూ ఒకరు చదువుతారు, మిగతావాళ్లు చుడతారు. చదివేవాడి కూలి పోకుండా తలా ఒక బీడీ కట్ట వాడి చాటలో వేస్తారు," అన్నాడు మాష్. తర్వాత జానకితో, "ఏచ్చీ, ఈ పూట మా వాడు చదువుతాడు," అన్నాడు.

జానకి పీట దిగింది. ఒక ఖాళీ చాట తెచ్చి పీట పక్కన పెట్టింది.

భూమేశ్ పీటెక్కి, గొంతు సవరించుకుని మొదలుపెట్టాడు. రెండో పేజీ తిరగకముందే వెనక వరసలోంచి "ఆగు" అని వినబడింది.

"ఈ ఇల్లు ఏ ఊళ్లో ఉంది?"

"కేరళలో."

షెడ్డంతా గొల్లుమంది. "కేరళ అంటే ఒక ఊరా నాయనా? మా చేపల పులుసు అటు దక్షిణాన కొల్లంవాడు నోట పెట్టడు!"

మళ్లీ చదివాడు. మళ్లీ "ఆగు". కణ్ణూరులో పుట్టిన హీరో దక్షిణ కేరళ యాస ఎప్పుడు నేర్చాడన్నారు. ఇంకాస్త చదివితే తెయ్యం వచ్చింది. ఈసారి ఆపింది జానకే.

"ఇది ఏ నెల?"

"వానాకాలం."

"వానలు పడ్డాయంటే ఆ పెద్ద తెయ్యాలు ఆడవు. మళ్లీ అక్టోబరులో తులామాసం వచ్చేదాకా కిరీటం పెట్టెలోనే. మా దేవుడి చేత జోరువానలో గంతులేయిస్తావా?"

ఈసారి ఎవరూ నవ్వలేదు. అదే కష్టమనిపించింది భూమేశ్‌కు.

"వినవయ్యా," అంది జానకి. ఆ గొంతులో కోపం లేదు, దర్పం ఉంది. "వారమంతా ఆకులు చుట్టి ఆదివారం సినిమాకు పోతాం. తెర మీద మా వంటింటి పొగ కనబడాలి, మా మాట వినబడాలి. ఒక్క ముక్క తేడా వచ్చినా లేచొచ్చేస్తాం. మాష్ సినిమాలోంచే ఒకసారి లేచొచ్చాం."

"అవును. మూడో సినిమా, రెండో రీలు," అన్నాడు మాష్, అదేదో తనకిచ్చిన బిరుదైనట్టు.

భూమేశ్ పీట దిగాడు. పక్కనున్న చాట ఖాళీగానే ఉంది. తల కొట్టేసినట్టయి, జానకి చాప చివర కూలబడ్డాడు. ఎవరి మొహమూ చూడలేక ఎదురుగా ఉన్న ఆకుల వంక చూస్తూ కూర్చున్నాడు.

బుర్ర ఎక్కడో ఉంది. చేతులు మాత్రం ఊరుకోలేదు. ఒక ఆకు తీసి, చిటికెడు పొగాకు పరిచి, చుట్టి, మూతి మడిచి, దారం కట్టేశాయి. అతను చూసుకునేసరికి బీడీ వేళ్ల మధ్య ఉంది.

జానకి దాన్ని లాక్కుని వెలుతురులో తిప్పి చూసింది.

"ఈ మూతి మడత మాది కాదే. ఎవరు నేర్పారు నీకు?"

మూడేళ్లుగా అలవాటైన తప్పించుకునే మాటే నాలుక చివరి దాకా వచ్చింది. నలభై మందీ అతన్నే చూస్తున్నారు. ఆ మాట ఆ చాటల మధ్య చెప్పబుద్ధి కాలేదు.

"మా అమ్మ," అన్నాడు.

"మీ అమ్మ కూడానా!" తప్పిపోయిన చుట్టం దొరికినట్టు షెడ్డు కలకల్లాడింది. "రోజుకెన్ని చుడుతుంది? అక్కడ ఎలా కూర్చుంటారు?"

భూమేశ్ మలయాళంలో మొదలుపెట్టాడు. రెండు మాటలు కాకముందే సొంత భాషలోకి జారిపోయాడు. మాష్ వచ్చి పక్కనే చాప మీద కూర్చుని, అతనన్న ప్రతి మాటా వాళ్ల భాషలో చెబుతూ పోయాడు.

"రోజుకు వెయ్యి చేస్తది. తునికాకు నానవెట్టి తడిగుడ్డల సుట్టి పెడ్తది. మా వాడకట్టుల ఏ గడపల జూసినా ఒక చాట ఉంటది. ఆమె కత్తెర సప్పుడుకే నేను నిద్రవోయేటోన్ని. సప్పుడు ఆగితే మెలకువయ్యేది."

షెడ్డులో కత్తెర్లు ఒక్కొక్కటే ఆగాయి.

"మా దిక్కు పిల్లను చూడనీకి వచ్చినోళ్లు ఎన్ని బీడీలు చేస్తవని అడుగుతరు. మా అమ్మనూ అడిగిన్రట. 'నేను చేసేటియి సరే, మీ పిలగాడు ఏం జేస్తడు?' అన్నదట మా అమ్మ. ఇగ మా నాయిన జన్మల నోరు మెదపలే."

మాష్ ఆ మాట చెప్పీచెప్పగానే షెడ్డు పగలబడి నవ్వింది. జానకి కళ్లొత్తుకుంది. ఇందాకటి నవ్వు వేరు, ఇది వేరు. భూమేశ్ ఛాతీ తనకు తెలియకుండానే పొంగింది. చెప్తూ పోయాడు. మధ్యాహ్నం గంట కొట్టే దాకా ఒక్కరూ "ఆగు" అనలేదు.

గంట కొట్టాక జానకి లేచింది. తన చాటలోంచి ఒక కట్ట తీసి, పీట పక్కనున్న చాటలో వేసింది. ఆవిడ వెనక ఇంకొకరు, వాళ్ల వెనక ఇంకొకరు.

బయట వాన సన్నగా పడుతోంది. గొడుగు ఒకటే ఉంది. ఇద్దరూ దాని కిందే నడిచారు.

"మాష్, మరి శుక్రారం నిర్మాత వస్తే?"

"కుర్రాడు కథ తేవడానికి ఊరెళ్లాడని చెప్తాను."

"మరి ఈ స్క్రిప్టు?"

"మా ఊరి సినిమాలు మేం తీసుకుంటాంలేవయ్యా." మాష్ గొడుగు శిష్యుడి వైపు కాస్త వంచాడు. "మీ వాడలో చదివేవాళ్లు ఉన్నారా?"

"లేరు మాష్. మా అమ్మకు ఎవ్వరు సదివి వినిపియ్యలే."

"వెళ్లి, ఇవాళ షెడ్డులో చెప్పినదంతా కథగా రాసి, ఆమె పక్కన కూర్చుని చదువు. ఆవిడ 'ఆగు' అనకపోతే, అప్పుడు నిర్మాతను తీసుకుని నేనే కోరుట్ల వస్తాను."